బంతి పాఠము చెప్పిన బడిపంతులు

ఆట ముగిసిన మఱునాడు పత్రికలలో గోలు కొట్టినవాని పేరు పెద్ద అక్షరములతో అచ్చగును. గోలు పడకుండ అడ్డుకొనిన వెనుకవరుసవాని పేరు చిన్న అక్షరములలో ఎచ్చటనో కానవచ్చును. ఆ యిరువురికిని బంతిని తాకుట నేర్పినవాని పేరు మాత్రము సాధారణముగ ఎచ్చటను ఉండదు. పంట యింటికి వచ్చిననాడు కోతగాండ్రను మెచ్చువారే గాని, నారు పోసినవానిని తలచువారు అరుదు. ఈనాటి మా ప్రసంగము అట్లు నారు పోసిన యొక ఉపాధ్యాయుని గూర్చినది. ఆయన కళాశాల జట్టులో ఫుట్‌బాలు ఆడెను. తరువాత హైదరాబాదు నగరములోని పాఠశాలలలో పిల్లలకు పాఠములు చెప్పెను. అటుపిమ్మట భారతదేశపు జట్టునకు శిక్షకుడై, రెండు పర్యాయములు ఆసియా క్రీడలలో స్వర్ణపతకము గెలిపించెను. ఆయన పేరు సయ్యద్ అబ్దుల్ రహీం. శిష్యులకును నగరవాసులకును ఆయన రహీం సాహెబు.

ఈ వృత్తాంతము చెప్పబూనుటకు మాకొక కారణము కలదు. ఆటలాడు పిల్లవానికి చదువు అబ్బదనియు, చదువుకొను పిల్లవానికి ఆటలు తగవనియు తలచు తలిదండ్రులు మన యిండ్లలో నేటికిని కలరు. డ్రిల్లు మాస్టరనగా లెక్కల మాస్టరుకంటె ఒక మెట్టు క్రిందివాడను భావము ఉపాధ్యాయుల గదులలో సైతము పూర్తిగ తొలగలేదు. పరీక్షలు దగ్గరపడినచో మొట్టమొదట కోతపడునది ఆటల పీరియడే. ఇట్టి భావములు కలవారికి రహీం సాహెబు జీవితమే తగిన సమాధానము. శిక్షకుడుగా ఆయన సాధించినదెల్ల బడిపంతులుగా అలవరచుకొనినదే. తరగతిగదిలో మంచి ఉపాధ్యాయుడు చేయు పనులేవో, ఆ పనులనే ఆయన మైదానములో చేసెను. అంతకు మించిన మంత్రమేదియు ఆయన యొద్ద లేదు.

ఆయన 1909వ సంవత్సరము ఆగస్టు 17వ తేదీన హైదరాబాదులో జన్మించెను. నాడు అది నిజాము రాజ్యము. ఉర్దూ భాషలో ఉన్నతవిద్య గఱపుటకై 1918లో స్థాపింపబడిన ఉస్మానియా విశ్వవిద్యాలయమున ఆయన విద్యార్థి. చదువుకొనుచునే కళాశాల జట్టులో ఫుట్‌బాలు ఆడెను. కళాశాలలో ఆడినవారు ఏటేట వందలమంది ఉందురు. పట్టము చేతికి వచ్చిన పిదప వారిలో పెక్కుమంది బంతిని మఱచి జీవనోపాధి వెదకికొందురు. రహీం సాహెబు జీవనోపాధి వెదకికొనెను గాని బంతిని మఱవలేదు. ఆయన పట్టినది బడిపంతులు ఉద్యోగము. కాచిగూడ మిడిల్ స్కూలు, ఉర్దూ షరీఫ్ పాఠశాల, దారుల్ ఉలూమ్ ఉన్నత పాఠశాల, చాదర్‌ఘాట్ ఉన్నత పాఠశాల: ఇవి ఆయన పనిచేసిన బడులు. నడుమ శారీరక విద్యలో డిప్లొమా పొంది, చివరి రెండు పాఠశాలలలో ఆటల బాధ్యతను వహించెను.

ఆడుట వేఱు, ఆడించుట వేఱు. గొప్ప గాయకుడెల్ల గొప్ప గురువు కానేరడు. తనకు సహజముగ వచ్చిన విద్యను అది రానివానికి ఏ మెట్టు నుండి చెప్పవలెనో తెలిసినవాడే గురువు. బడిపంతులు ఆ సంగతి మొదటి సంవత్సరముననే నేర్చుకొనును. ఏలననగా తరగతిలో చుఱుకైనవారు నలుగురే ఉందురు. నలువదిమంది సామాన్యులు. ఆ నలువదిమందిని గట్టెక్కించినవాడే ఉపాధ్యాయుడు. రహీం సాహెబు శిక్షణపద్ధతి అంతయు ఈ నలువదిమందిని దృష్టిలో నుంచుకొని పుట్టినదే యని మాకు తోచుచున్నది.

ఆ పద్ధతి యెట్టిదో కొంత వివరింతుము. ఫుట్‌బాలు ఆడు ఏ పిల్లవాని కైనను మొదటి కోరిక బంతిని తన కాలియొద్దనే ఉంచుకొనవలెనని. ఒకనిని తప్పించి, ఇంకొకనిని తప్పించి, చూచువారిచే చప్పట్లు కొట్టించుకొనవలెనని. దీనినే డ్రిబ్లింగు అందురు. చూచుటకు ఇది ముచ్చటగ నుండును. కాని మనుష్యుడు ఎంత వేగముగ పరుగెత్తినను, తన్నిన బంతికంటె వేగముగ పరుగెత్తజాలడు. బంతిని తోడివానికి అందించిన జట్టు, బంతిని మోసికొనిపోవు జట్టుకంటె ముందుగ గోలు చేరును. ఈ సత్యమును నోటితో చెప్పినచో పిల్లలు తలయూపి మరల తమ దారిననే పోవుదురు. అందుచేత రహీం సాహెబు దానిని నిబంధనగ మార్చెను. డ్రిబ్లింగు నిషిద్ధమైన పోటీలను హైదరాబాదులో పిల్లలకై ఏర్పాటు చేసెను. బంతి కాలికి తగిలినంతనే తోడివానికి అందింపవలసినదే. బంతి వచ్చిన తరువాత ఆలోచించుటకు వ్యవధి లేదు గనుక, బంతి రాకమునుపే తలయెత్తి, తనవాడెచ్చట నున్నాడో చూచుకొనుట పిల్లలకు అలవడెను. నిబంధనయే పాఠమయ్యెను.

రెండవది బలహీనమైన కాలితో మాత్రమే ఆడవలసిన పోటీ. మనలో పెక్కుమందికి కుడికాలు వాటము. ఎడమకాలు ఊతమునకే గాని పనికి రాదు. ఇట్టివాడు వెనుకవరుసలో నిలిచినపుడు ఎదుటివాడు ఆ లోపమును రెండు నిమిషములలో కనిపెట్టి, బంతిని ఎల్లపుడు ఎడమప్రక్కకే నడపును. రక్షకుడు శరీరమును త్రిప్పుకొని కుడికాలితో తన్నబోవులోపల బంతి గోలులో పడియుండును. రహీం సాహెబు ఈ పోటీలలో కుడివాటము వారిని ఎడమకాలితోనే తన్నుమనెను. ఆడినవారికి మొదట నవ్వు వచ్చి యుండును, పిదప విసుగు పుట్టి యుండును. గుణింతము దిద్దు పిల్లవానికి విసుగు పుట్టదా? అయినను దిద్దించుట మానుదుమా? ఏ కాలితో నైనను సమముగ తన్నగలుగుట అక్షరాభ్యాసము వంటిది. కావ్యము చదువుట ఆ తరువాతి మాట.

ఈ పాఠములకు ఖరీదైన పరికరము లేవియు అక్కరలేదు. కావలసినవి ఒక బంతి, ఒక మైదానము, సాయంకాలము రెండు గంటలు విసుగులేక నిలువగల ఉపాధ్యాయుడు. పేదపిల్లలు ఆడు ఊరిలో ఇట్టి పద్ధతియే నిలుచును.

1943లో రహీం సాహెబు హైదరాబాదు ఫుట్‌బాలు సంఘమునకు కార్యదర్శి యయ్యెను. 1950 నుండి హైదరాబాదు సిటీ పోలీసు జట్టునకు శిక్షకుడయ్యెను. ఈ రెండు బాధ్యతలను ఆయన తుదివరకు వహించెను. పోలీసు జట్టు చేసిన పని అప్పటి దేశమును ఆశ్చర్యపరచినది. బొంబాయిలో జరుగు రోవర్స్ కప్పును ఆ జట్టు 1950 మొదలు 1954 వరకు వరుసగ ఐదు సంవత్సరములు గెలిచెను. డ్యూరాండ్ కప్పును 1950లోను, 1954లోను, 1957లోను గెలిచి, ఆంధ్రప్రదేశ్ పోలీసు అను పేరుతో 1961లో నాలుగవసారి గెలిచెను. రాష్ట్రముల నడుమ జరుగు సంతోష్ ట్రోఫీ 1956లోను 1957లోను హైదరాబాదునకే దక్కెను. అంతవరకు దేశములో ఫుట్‌బాలనగా కలకత్తా అను మాట వాడుకలో నుండెను. కలకత్తాలోని గొప్ప క్లబ్బులకు లక్షలాది అభిమానులు, ఘనమైన చరిత్ర ఉండెను. వారికి ఎదురు నిలిచినది నెలజీతముపై పనిచేయు పోలీసు ఉద్యోగుల జట్టు. దాని వెనుక నిలిచినవాడొక బడిపంతులు.

ఇక దేశపు జట్టు సంగతి. 1951 మార్చిలో మొదటి ఆసియా క్రీడలు న్యూఢిల్లీలో జరిగెను. రహీం సాహెబు శిక్షణలో, శైలేన్ మన్నా నాయకత్వమున భారతజట్టు ఇండోనీషియాను 3-0 గోలులతోను, ఆఫ్ఘనిస్థానమును 3-0 గోలులతోను, ఫైనలులో ఇరానును 1-0 గోలుతోను ఓడించెను. ఆ యొక్క గోలు కొట్టినది మేవాలాల్. మూడు ఆటలలోను మన గోలులోనికి ఒక్క బంతియైనను పోకుండుట గమనింపదగినది. ముందువరుస ఆటను గెలిపించును గాని, పోటీని గెలిపించునది వెనుకవరుస యను సామెతవంటి మాట ఫుట్‌బాలువారిలో కలదు. అది ఢిల్లీలో నిజమయ్యెను.

కాని గురువునకు గెలుపుకంటె ఓటమియే ఎక్కువ నేర్పును. 1952లో హెల్సింకీ ఒలింపిక్ క్రీడలలో మనవారు యుగోస్లావియాతో ఆడి 10-1 గోలుల తేడాతో ఓడిపోయిరి. మనవారిలో పెక్కుమంది నాడు బూటులు లేక ఆడినవారు. ఎండిన నేలపై ఉత్త కాలు బంతిని చక్కగ పట్టును. మన ఎండదేశమున అది సొగసైన ఆటయే. కాని చలిదేశమున, తడిసిన పచ్చికపై, బరువెక్కిన బంతితో, బూటులు ధరించిన బలిష్ఠులతో ఆడునపుడు ఉత్త కాలికి పట్టు చిక్కదు. ఆ ఓటమి పిమ్మట అఖిలభారత ఫుట్‌బాలు సంఘము ఆటగాండ్రు బూటులు ధరించి తీరవలెనని నియమము చేసెను. అంత పెద్ద ఓటమికి బాధ్యత వహించిన జట్టుతో తిరిగివచ్చిన శిక్షకునకు ఎన్ని మాటలు పడవలసి యుండునో శ్రోతలు ఊహించుకొనగలరు. రహీం సాహెబు మరల మైదానమునకు వచ్చి మరల పాఠము మొదలిడెను. పరీక్షలో తప్పిన తరగతిని వదలిపోవు ఉపాధ్యాయుడు ఉపాధ్యాయుడు కాడు.

నాలుగేండ్ల తరువాత ఫలము కనబడెను. 1956 నవంబరు 1వ తేదీన ఆంధ్రప్రదేశ్ రాష్ట్రము అవతరించెను. ఆ నెలలోనే మెల్‌బోర్న్ నగరమున ఒలింపిక్ క్రీడలు ఆరంభమయ్యెను. బద్రు బెనర్జీ యని ప్రసిద్ధుడైన సమర్ బెనర్జీ నాయకత్వమున వెళ్ళిన భారతజట్టులో హైదరాబాదువారు పలువు రుండిరి. హెల్సింకీలో ఆ ఘోరమైన ఓటమిని చవిచూచిన వెనుకవరుసవారు అజీజుద్దీన్, నూర్ మహమ్మద్ మరల వెళ్ళిరి. వారితోపాటు జుల్ఫికరుద్దీన్, తులసీదాస్ బలరామ్ వంటి పడుచువారు వెళ్ళిరి.

బలరామ్ సంగతి కొంచెము చెప్పవలెను. సికింద్రాబాదు దాపున అమ్ముగూడలో పేదకుటుంబమున పుట్టిన పిల్లవాడతడు. ఆటలో అతని నేర్పును రహీం సాహెబు కనిపెట్టి, నగరములో శిక్షణకు రమ్మనెను. అంతదూరము దినదినము వచ్చుటకు ఖర్చు భరింపలేనని ఆ పిల్లవాడు చెప్పగా, సైకిలు అద్దెకు తెచ్చుకొనుటకు రహీం సాహెబే డబ్బు ఇచ్చెనని బలరామ్ పెద్దవాడైన తరువాత కృతజ్ఞతతో చెప్పుకొనుచుండెడివాడు. ఇంచుమించు ఇరువదేండ్ల ప్రాయముననే అతడు ఒలింపిక్ ఆటగాడయ్యెను. తరువాత కలకత్తా ఈస్ట్ బెంగాల్ క్లబ్బులో ఆడి, దేశపు మేటి ఆటగాండ్రలో ఒకడుగా పేరొంది, 2023లో కీర్తిశేషుడయ్యెను. సైకిలు అద్దె యెంతటిది? చేతిచిల్లర. కాని ఆ చిల్లర ఆ వేళకు అందకున్నచో, ఆ బంతి ఏ ఖాళీస్థలములోనో ఆగిపోయి యుండెడిది. ఇట్లు ఆగిపోయిన బంతులు మన ఊళ్ళలో ఎన్నియో ఎవరు లెక్కింపగలరు?

మెల్‌బోర్న్‌లో మొదటి రౌండు ఆడకయే మనవారు పైకి పోయిరి. ఎదుటిజట్టగు హంగరీ రాలేదు. తరువాతి ఆట ఆతిథేయులైన ఆస్ట్రేలియాతో. నెవిల్ డిసౌజా ఒక్కడే మూడు గోలులు కొట్టగా మనవారు 4-2తో గెలిచిరి. ఒలింపిక్ ఫుట్‌బాలులో ఒకే ఆటలో మూడు గోలులు కొట్టిన మొదటి ఆసియావాసి అతడు. ఒలింపిక్ సెమీఫైనలు చేరిన మొదటి ఆసియా జట్టు మనది. సెమీఫైనలులో ఎదుటివారు యుగోస్లావియావారే, నాలుగేండ్ల క్రితము పది గోలులు కొట్టినవారు. ఈసారి మొదటి సగములో వారికి ఒక్క గోలైనను దక్కలేదు. రెండవ సగమున మొదట గోలు కొట్టినది డిసౌజా. కొద్ది నిమిషములు భారతదేశము ఒలింపిక్ ఫైనలు గుమ్మమున నిలిచెను. తరువాత యుగోస్లావియా వారు వెంటవెంట గోలులు చేసి 4-1తో గెలిచిరి. కాంస్యపతకపు ఆటలో బల్గేరియా 3-0తో గెలువగా మనకు నాలుగవ స్థానము దక్కెను. పతకము రాలేదు. కాని 10-1 నుండి ఆ గుమ్మము వరకు నడచిన దూరమును కొలుచువారికి ఆ నాలుగేండ్ల పని యెట్టిదో తెలియును.

1960లో రోము ఒలింపిక్ క్రీడలకు ప్రదీప్ కుమార్ బెనర్జీ నాయకుడు, రహీం సాహెబు శిక్షకుడు. హంగరీ, ఫ్రాన్సు, పెరూ దేశములతో ఒకే వర్గమున పడుట మనవారి దురదృష్టము. అయినను హంగరీతో 2-1 తేడాతోనే ఓడిరి. ఫ్రాన్సుతో 1-1గ సమముగ నిలిచిరి. పెరూ 3-1తో గెలిచెను. ఆ జట్టులో రహీం సాహెబు కుమారుడు సయ్యద్ షాహిద్ హకీం ఒకడు. తండ్రి శిక్షకుడైనను ఆ కుమారునకు ఒక్క ఆటలోను మైదానమున దిగు అవకాశము లభింపలేదు. తన బిడ్డ తన తరగతిలోనే యున్నపుడు ఉపాధ్యాయునకు కలుగు ఇబ్బంది ఉపాధ్యాయులైన శ్రోతలకు తెలియును. హకీం తరువాత అంతర్జాతీయ రిఫరీ యయ్యెను, శిక్షకుడయ్యెను. 2017లో ధ్యాన్‌చంద్ పురస్కారము పొందెను.

ఇక జకార్తా. 1962లో నాలుగవ ఆసియా క్రీడలు ఇండోనీషియా రాజధానిలో జరిగెను. రహీం సాహెబు నాటికే క్యాన్సరు వ్యాధిగ్రస్తుడు. చునీ గోస్వామి నాయకుడు. మొదటి ఆటలోనే దక్షిణ కొరియా మనవారిని 2-0తో ఓడించెను. తరువాత మనవారు థాయిలాండును 4-1తోను, జపానును 2-0తోను గెలిచి సెమీఫైనలు చేరిరి. కాని ఆ గెలుపునకు మూల్యము చెల్లింపవలసి వచ్చెను. వెనుకవరుసకు వెన్నెముకవంటి పంజాబువాడు జర్నైల్ సింగ్ తలకు గాయమై కుట్లు పడెను.

ఇచ్చట శిక్షకుని బుద్ధి చూడవలెను. జర్నైల్ సింగును లోపలికి దింపక విడిచినచో జట్టునకు ధైర్యము పోవును. వెనుకవరుసలోనే నిలిపినచో, ఎత్తుగ వచ్చు ప్రతి బంతిని ఆ గాయపడిన తలతోనే త్రిప్పికొట్టవలసి యుండును. రహీం సాహెబు అతనిని వెనుకనుండి తీసి, ముందువరుస నడుమ, సెంటర్ ఫార్వర్డు స్థానమున నిలిపెను. గోలు కాకుండ కాచువాడు గోలు కొట్టువాడయ్యెను. దక్షిణ వియత్నాముతో జరిగిన సెమీఫైనలులో గోస్వామి రెండు గోలులు, జర్నైల్ సింగ్ ఒక గోలు చేయగా మనవారు 3-2తో గెలిచిరి. ఒక విద్యార్థి ఒక పాఠములో తడబడినపుడు వానిని మొద్దని కూర్చుండబెట్టక, వాని శక్తికి తగిన మఱొక పని అప్పగించు ఉపాధ్యాయులను మనము చూచియున్నాము. ఇదియు అట్టిదే.

ఫైనలు సెప్టెంబరు 4వ తేదీన జరిగెను. ఎదుట మరల దక్షిణ కొరియా. అంతకంటె గట్టి ప్రత్యర్థి మైదానము చుట్టును కూర్చుండెను. ఆ క్రీడలకు ఇజ్రాయేలు, తైవాను దేశములను రానీయకపోవుటను భారతీయుడైన క్రీడాధికారి జి. డి. సోంధీ ఆక్షేపించి యుండుటచే, జకార్తా ప్రజలలో భారతీయులపై ఆగ్రహము చెలరేగెను. మన రాయబార కార్యాలయముపై దాడి సైతము జరిగెను. ఇంచుమించు లక్షమంది ప్రేక్షకులు మనవారి కాలికి బంతి తగిలినప్పుడెల్ల కేకలు వేసి వెక్కిరించిరి. ఆ జనసముద్రములో మనవారిని ఉత్సాహపరచినవారు పాకిస్థాను హాకీ జట్టువారని మన ఆటగాండ్రు తరువాత చెప్పుకొనిరి. రాజకీయము విడదీసినవారిని ఆట ఒక్కచోట కూర్చుట మాకు ముచ్చట గొలుపుచున్నది.

గోలులో పీటర్ తంగరాజు నిలిచెను. అతడును హైదరాబాదులో పుట్టినవాడే. ఆట మొదలైన 17వ నిమిషమున ప్రదీప్ కుమార్ బెనర్జీ గోలు కొట్టెను. మూడు నిమిషములు గడువకమునుపే తలకు కట్టుతో నున్న జర్నైల్ సింగ్ రెండవ గోలు కొట్టెను. పిమ్మట గంటకు పైగా మన వెనుకవరుస గోడవలె నిలిచెను. 85వ నిమిషమున కొరియావారు ఒక గోలు చేసిరి. మిగిలిన అయిదు నిమిషములు ఎట్లు గడిచినవో ఆడినవారికే తెలియవలెను. భారతదేశము 2-1తో గెలిచెను. మొదటి ఆటలో తమ్ము ఓడించినవారినే తుది ఆటలో ఓడించి స్వర్ణపతకము ధరించెను. బలరాముడును, హైదరాబాదు వాడగు యూసుఫ్ ఖానుడును ఆ జట్టులోనివారే. కలకత్తావారు, పంజాబువారు, కేరళవారు, హైదరాబాదువారు పరస్పరము భాష తెలియకున్నను బంతిభాష నొక్కదానిని తెలిసికొని ఆడిరి. ఆ భాష నేర్పినవాడు రహీం సాహెబు.

తరువాత తొమ్మిది నెలలే ఆయన జీవించెను. 1963 జూన్ 11వ తేదీన, ఏబదిమూడేండ్ల వయస్సున కన్నుమూసెను. శిక్షకులను గౌరవించుటకై ద్రోణాచార్య పురస్కారమును ప్రభుత్వము 1985లో నెలకొల్పునాటికి ఆయన గతించి ఇరువదిరెండేండ్లు గడిచినవి. అయినను గురువు కీర్తి శిష్యులలో జీవించును. 1970లో బాంకాకు ఆసియా క్రీడలలో భారతజట్టు కాంస్యపతకము పొందినపుడు, శిక్షణ నిచ్చినవారిలో ఒకడు రహీం సాహెబు శిష్యుడగు ప్రదీప్ కుమార్ బెనర్జీ. నాయకుడు హైదరాబాదు గడ్డపై పెరిగిన వెనుకవరుస ఆటగాడు సయ్యద్ నయీముద్దీన్. ఆ నయీముద్దీన్ తరువాత తానును శిక్షకుడై, 1990లో ద్రోణాచార్య పురస్కారము నందుకొనెను. దీపమునుండి దీపము వెలుగుట యనగా ఇదియే.

కాని ఇచ్చట మేము ఒక చేదునిజమును దాచరాదు. 1965-66లో ఆంధ్రప్రదేశ్ సంతోష్ ట్రోఫీ గెలిచిన పిమ్మట ఆ కప్పు మరల తెలుగునేలకు రాలేదు. 1962 తరువాత ఆసియా క్రీడల ఫుట్‌బాలు స్వర్ణము మరల భారతదేశమునకు రాలేదు. 2024లో రహీం సాహెబు జీవితముపై మైదాన్ అను హిందీ చలనచిత్రము వెలువడినపుడు, ఆ చిత్రము చూచిన పడుచువారిలో పెక్కుమంది ఇట్టివాడొకడు హైదరాబాదులో ఉండెనా యని ఆశ్చర్యపడిరి. ఆ సంవత్సరము డిసెంబరులోనే సంతోష్ ట్రోఫీ తుదిపోటీలు హైదరాబాదులో జరుగగా, ఫైనలు ఆడినవారు పశ్చిమబెంగాలువారును, కేరళవారును. మన నగరము ఆతిథ్య మిచ్చెను, చప్పట్లు కొట్టెను.

ఈ క్షీణతకు కారణములు పెక్కులు చెప్పవచ్చును. మంచి ఆటగాండ్రు జీవనోపాధికై కలకత్తా క్లబ్బులకు తరలిపోయిరి. క్రికెట్టుపై మోజు ప్రబలెను. నగరము పెరిగినకొలది ఖాళీనేల కరగిపోయెను. ఇవి యన్నియు నిజములే. కాని మా దృష్టిలో వీనియన్నిటికంటె పెద్దదైన కారణము ఇంకొకటి కలదు. రహీం సాహెబు గెలుపులను మనము తలచుకొంటిమి గాని, ఆయన పనిచేసిన చోటును మఱచితిమి. ఆయన పనిచేసిన చోటు బడి. మొదటి తరగతినుండి పదవ తరగతివరకు పిల్లవాడు ఎవరి కంటియెదుట పెరుగునో, ఆ ఉపాధ్యాయుడు బంతిని కూడ ఒక పాఠముగ భావించినందుననే ఆ జట్లు పుట్టినవి. ఇరువదేండ్లు నిండినవానిని పట్టుకొని ఎంతటి విదేశీ శిక్షకునిచే చెప్పించినను, పదవయేట దిద్దవలసిన అక్షరమును అప్పుడు దిద్దించుట కష్టము.

మైదానము లేని బడిలో ఈ పాఠము చెప్పుట సాధ్యము కాదు. పుస్తకముల పెట్టె లేని బడిని మనము బడి యనము. ఆడుకొను నేల లేని బడిని మాత్రము సంకోచము లేక బడి యనుచున్నాము. పిల్లవానిని క్రొత్తబడిలో చేర్పింపబోవు తలిదండ్రులు ఉత్తీర్ణుల సంఖ్య అడుగుదురు, ఫీజు అడుగుదురు, బస్సు వచ్చునా యని అడుగుదురు. మైదానమెచ్చట, ఆటల ఉపాధ్యాయుడెవరు, వారమున కెన్ని పీరియడులు అని కూడ ఇకమీదట అడుగవలెనని మా మనవి. అడుగువారు లేనిదే ఇచ్చువారుండరు.

మీ వీధిలోని బడి యావరణలో సాయంకాలము పదిమంది పిల్లలను వరుసగ నిలిపి, ఈల నోటబెట్టుకొని, ఎడమకాలితో తన్నుమని చెప్పుచున్న డ్రిల్లు మాస్టరు కనబడినచో, ఒక నిమిషము నిలిచి చూడుడు. ఆ పదిమందిలో ఒకడు దేశమునకు ఆడకపోవచ్చును. ఆడకున్నను నష్టము లేదు. తలయెత్తి తోడివాని జూచుట, తనకు దొరకినదానిని తానే ఉంచుకొనక అందించుట, పది గోలులతో ఓడిన మఱునాడు మరల మైదానమునకు వచ్చుట వారు నేర్చుకొందురు. రహీం సాహెబు బడిపిల్లలకు చెప్పిన పాఠము ఇదియే. ఒలింపిక్ ఆటగాండ్రకు ఆయన చెప్పినదియు ఈ పాఠమే.